లారెల్–హార్డీ టాకీల్లో ఆ సాగతీత ఎందుకు? ఎక్కణ్ణుంచి చూడటం మొదలుపెట్టాలి?

మీరు అడిగింది ఇది: చిన్నప్పటి నుంచి చాప్లిన్ మూకీలు ఇష్టంగా చూశారు. ఈ మధ్య ఫోన్‌లో లారెల్–హార్డీలు మాట్లాడే చిన్న సినిమాలు నాలుగైదు చూసి నిరాశపడ్డారు. ఒక్కో జోక్ పడగానే ఇద్దరూ బొమ్మల్లా ఆగిపోతున్నారు, లావాటాయన (హార్డీ) మనవైపే చూస్తూ ఉండిపోతున్నాడు, సన్నటాయన (లారెల్) తల గోక్కుంటున్నాడు, కథ మాత్రం కదలడం లేదు. సౌండ్ వచ్చి ఈ రకం హాస్యాన్ని చంపేసిందని ఎక్కడో చదివారు. అది నిజమేనా, కాకపోతే దేనితో మొదలుపెట్టాలి అని.

సౌండ్ చాలామందిని దెబ్బకొట్టిన మాట నిజమే. ఈ ఇద్దరినీ మాత్రం కొట్టలేదు. మీకు సాగతీతగా అనిపించిన ఆ ఖాళీ పొరపాటున మిగిలిపోయింది కాదు, అక్కడ హాలు నిండా జనం నవ్వుతారని లెక్క చూసి వదిలిన చోటు.

ఈ సంగతి నాకు పుస్తకాల్లో చదివినప్పుడు సరిగ్గా ఎక్కలేదు. ఇరవై ఏళ్లకు పైగా మా ఊళ్లో చిన్న ఫిల్మ్ క్లబ్ నడుపుతున్నాం. ఒక వేసవిలో పిల్లల కోసం స్కూలు హాల్లో తెర కట్టి 'ది మ్యూజిక్ బాక్స్' వేశాం. ముందురోజు రాత్రి కాపీ సరిగ్గా ఉందో లేదో చూద్దామని ఒక్కణ్ణే లాప్‌టాప్‌లో వేసుకున్నాను. మీకనిపించినట్టే నాకూ అనిపించింది, రెండు మూడు చోట్ల కత్తిరిస్తే బాగుండునని కూడా అనుకున్నాను. మర్నాడు హాలు నిండా పిల్లలు. పియానో పెట్టె మొదటిసారి మెట్ల మీద నుంచి జారిపోగానే హాలంతా ఘొల్లుమంది. ఆ నవ్వు తగ్గుముఖం పట్టేసరికి సరిగ్గా హార్డీ నోరు విప్పాడు. అరగంట సినిమాలో ఒక్క మాట కూడా నవ్వులో కొట్టుకుపోలేదు. ముందురోజు రాత్రి కత్తిరిద్దామనుకున్న చోట్లన్నీ పిల్లల నవ్వుతో నిండిపోయాయి. వెనకాల గోడకానుకుని అది చూస్తుంటే నాకు ఒళ్లు జలదరించింది. 1932లో అమెరికాలో ఎవరో కొలిచి పెట్టిన కొలత మా స్కూలు హాల్లో, ఇంగ్లీషు సగం కూడా అర్థంకాని పిల్లలకి అతికినట్టు సరిపోయింది.

ఆ కొలత ఎలా వచ్చిందంటే, ఈ సినిమాలు తీసింది కాలిఫోర్నియాలో కల్వర్ సిటీలో ఉన్న హాల్ రోచ్ స్టూడియో. స్టాన్ లారెల్ అక్కడ నటుడు మాత్రమే కాదు. గ్యాగ్, అంటే నవ్వు పుట్టించే ఘట్టం, రాయడం దగ్గర నుంచి ఎడిటింగ్ దాకా ఆయన చెయ్యి పడని పని లేదు. షూటింగ్ అవగానే ఆలివర్ హార్డీ గోల్ఫ్ ఆడుకోవడానికి వెళ్తే లారెల్ ఎడిటింగ్ గదిలో కూర్చునేవాడు. సినిమా తయారయ్యాక, విడుదలకు ముందే, ఏదో ఒక మామూలు థియేటర్‌లో జనానికి వేసేవాళ్లు. ఎక్కడ నవ్వు వచ్చింది, ఎంతసేపు ఉంది అని చూసుకుని వచ్చి మళ్లీ కత్తెర పట్టేవాళ్లు. నవ్వు పెద్దదైన చోట హార్డీ మొహం షాట్ కాస్త పొడుగయ్యేది, నవ్వు రాని చోట ఆ ముక్క ఎగిరిపోయేది.

మూకీకి ఈ బాధ లేదు. జనం ఎంత గట్టిగా నవ్వినా తెరమీది అక్షరాలు కనిపిస్తూనే ఉంటాయి. టాకీలో నవ్వు తర్వాతి డైలాగును మింగేస్తుంది. స్టేజీ మీద నటుడైతే ఆగుతాడు. మన పౌరాణిక నాటకాల్లో పద్యం రాగం తీశాక చప్పట్లు తగ్గేదాకా నటుడు ఎలా నిలబడతాడో మీరు చూసే ఉంటారు. తెర మీది నటుడికి హాలు వినపడదు కాబట్టి ఆ ఆగడం ముందే సినిమాలో పెట్టాలి. లారెల్‌కి ఇది ఎవరూ నేర్పక్కర్లేదు. ఇంగ్లండ్‌లో పుట్టి, ఫ్రెడ్ కార్నో నాటక బృందంలో పెరిగినవాడు. అదే బృందంలో మీ చాప్లిన్ కూడా ఉన్నాడు, లారెల్ ఆయనకు అండర్‌స్టడీ, అంటే చాప్లిన్ రాలేని రోజున ఆ వేషం కట్టవలసినవాడు. ఇద్దరూ కలిసే ఆ బృందంతో 1910లో అమెరికా వెళ్లారు.

ఆగిన ఆ క్షణాల్లో ఏం జరుగుతోందో కూడా గమనించండి. హార్డీ కెమెరా వైపు తిన్నగా చూస్తాడు. "చూశారుగా నా ఖర్మ" అని మనతో చెప్పుకుంటున్నట్టు ఉంటుంది ఆ చూపు. నవ్వుతున్న జనానికి ఆ మొహం మళ్లీ నవ్వు పుట్టిస్తుంది, నవ్వు ఆగాక కథ కదులుతుంది. అదంతా ఇయర్‌ఫోన్స్ పెట్టుకుని ఒక్కరే చూస్తే సగం పెళ్లివారు రాని విడిదిల్లులా కనిపిస్తుంది.

ఇక సౌండ్ ఎవరిని, ఎందుకు దెబ్బకొట్టిందంటే, మొదటి కారణం వేగం. మూకీ రోజుల్లో కెమెరాను చేత్తో తిప్పేవాళ్లు. సెకనుకు తక్కువ ఫ్రేములు తీసి, ప్రొజెక్టర్‌లో వేగంగా నడిపితే మనుషులు చకచకా పరిగెత్తేవాళ్లు. పోలీసులు గుంపుగా పడిపోవడం, కార్లు వెంట్రుకవాసిలో తప్పుకోవడం, ఇదంతా ఆ వేగంలోంచి పుట్టిన హాస్యం. సౌండ్ రాగానే సెకనుకు 24 ఫ్రేములని ఖాయమైపోయింది. వేగం మారిస్తే గొంతు కీచుమంటుంది. రెండోది మైకు. మొదటి రోజుల్లో మైకు ఒకచోట కదలకుండా ఉండేది, కెమెరా మోత వినపడకుండా దాన్ని ఒక గదిలో పెట్టి బంధించేవాళ్లు. నిన్నటిదాకా వీధుల్లో పరిగెత్తిన కమెడియన్లు ఇవాళ మైకు చుట్టూ నిలబడి మాట్లాడాలి. మూకీల్లో అంతటివాడైన బస్టర్ కీటన్ 1934–37 మధ్య ఎడ్యుకేషనల్ అనే కంపెనీకి తక్కువ ఖర్చుతో 16 షార్ట్‌లు, అంటే చిన్న సినిమాలు, చేయవలసి వచ్చింది. స్లాప్‌స్టిక్‌కి, అంటే పడటాలూ కొట్టుకోవడాలూ మీద నడిచే హాస్యానికి, పుట్టిల్లు అనదగ్గ మాక్ సెనెట్ కంపెనీ 1933లో దివాలా తీసింది.

లారెల్–హార్డీలకు వేగం ముందునుంచీ ఆయుధం కాదు. మూకీల్లో కూడా వాళ్లు నిదానస్తులే. ఒకడు ఒక దెబ్బ వేస్తే రెండోవాడు నిలబడి ఆలోచించి, అప్పుడు తిరిగి ఒకటి వేస్తాడు. అందుకే 24 ఫ్రేములు వాళ్లనేమీ చేయలేదు. పైగా గొంతులు అతికాయి. హార్డీది జార్జియా రాష్ట్రం, దక్షిణాది మర్యాద ఉట్టిపడే గొంతు, మంచి గాయకుడు కూడా. లారెల్‌ది ఇంగ్లండ్ యాస. లావు–సన్నం జోడీ నవ్వు తెప్పిస్తుందని రేలంగి, రమణారెడ్డిలను చూసినవాళ్లకి నేను చెప్పక్కర్లేదు, కానీ ఈ జోడీలో గొంతుల తేడా కూడా అంత పనీ చేసింది.

అసలు విషయానికి వస్తాను. వీళ్లు సౌండ్‌ని మాట్లాడటానికి కాక, చూపించకుండా ఉండటానికి వాడుకున్నారు. 1929 మేలో విడుదలైన వాళ్ల మొదటి టాకీ 'అన్‌అకస్టమ్డ్ యాజ్ వుయ్ ఆర్' చివర్లో లారెల్ గుడ్‌నైట్ చెప్పి మెట్లవైపు వెళ్తాడు. తెరమీద లారెల్ లేడు. ధబ్, ధబ్, ధబ్, ధడేల్! మనకి కనిపించేది హార్డీ మొహం ఒక్కటే. మనిషి మెట్లమీద నుంచి పడటాన్ని మూకీ వాళ్లు వందసార్లు చూపించారు. ఇక్కడ పడటం మన చెవిలో జరుగుతుంది, ఎన్ని మెట్లు, ఎలా పడ్డాడు అన్నది మనమే ఊహించుకుంటాం. మొట్టమొదటి టాకీలోనే ఈ ఉపాయం పట్టుకోవడం నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. ఈ సినిమా సౌండ్ డిస్కుల మీద ఉండేది. అవి చాలాకాలం దొరకక దీన్ని మూగదానిగానే చూశారు. ధడేల్ వినపడని ఆ ముగింపును తలుచుకుంటే నా ప్రాణం ఉసూరుమంటుంది.

చాప్లిన్ కూడా ఇదే ఆలోచించాడు, తనదైన దారిలో. 1931 నాటి 'సిటీ లైట్స్'లో మాటలు లేవు, కానీ ఈల మింగేసి ఎక్కిళ్లు వచ్చినప్పుడల్లా కడుపులోంచి ఈల మోగడం ఉంది కదా? అది మూకీలో కుదరదు. అంటే మీరు ఇష్టపడే చాప్లిన్‌లో కూడా సౌండ్ హాస్యం ఉంది, మీకు కొత్తేమీ కాదు.

'డర్టీ వర్క్' (1933) లో ఒక ఘట్టం నేను క్లబ్బులో చాలాసార్లు వేసి చూపించాను. ఇద్దరూ పొగగొట్టాలు శుభ్రం చేసేవాళ్లు. హార్డీ పైకప్పు మీద నుంచి పొగగొట్టంలోంచి జారి కింద పొయ్యిగూట్లో కూలబడతాడు. మసి. కాసేపు నిశ్శబ్దం. టక్! నెత్తిన ఒక ఇటుక. ఆగుతాడు. టక్! ఇంకొకటి. ఆ ఇటుకలు వరసగా టకటకా పడిపోతే ఒకే నవ్వు. ఒక్కొక్కటే పడుతుంటే, ప్రతి ఇటుక మధ్యా "ఇక అయిపోయిందిలే" అని హార్డీ నమ్ముతాడు, మనమూ నమ్ముతాం. నెత్తి మీద చేతులు పెట్టుకుని కాచుకుంటాడు, రాదు. చేతులు దించుతాడు. టక్! ఆ తర్వాత లారెల్ ఏమైందని అడిగితే హార్డీ ముఖం ముడుచుకుని ఒక్కటే మాట: "నేను మాట్లాడేదేమీ లేదు." సినిమా ఆఖర్న హార్డీ ఒక విచిత్రమైన మందు తొట్టిలో పడి చింపాంజీగా మారిపోతాడు. తలమీద టోపీతో ఆ చింపాంజీ అనేదీ అదే మాట. మాట వచ్చిన సినిమాలో "మాట్లాడేదేమీ లేదు" అన్నదాన్ని ఇంత నవ్వుగా మార్చినవాళ్లు వీళ్లే.

'ది మ్యూజిక్ బాక్స్' దగ్గర కాస్త ఎక్కువసేపు ఆగుతాను. కథ ఒక్క ముక్క: ఇద్దరూ గుర్రబ్బండి మీద ఒక పియానో తీసుకొచ్చి, ఎత్తైన మెట్ల చివరన ఉన్న ఇంటికి చేర్చాలి. ఆ మెట్లు లాస్ ఏంజలెస్‌లో సిల్వర్ లేక్ ప్రాంతంలో, వెండోమ్ వీధి దగ్గర ఇప్పటికీ ఉన్నాయి, మొత్తం 133. 1927లో ఇదే మెట్ల మీద బట్టలుతికే యంత్రంతో 'హ్యాట్స్ ఆఫ్' అనే మూకీ తీశారు. అది పోయింది, ఇంతవరకూ ఎక్కడా దొరకలేదు. ఐదేళ్ల తర్వాత అదే మెట్లకి మళ్లీ వచ్చినప్పుడు పైకెక్కించే వస్తువు మారింది. ఎందుకు పియానో అన్నది మొదటి కుదుపులోనే తెలుస్తుంది. చెక్కపెట్టెలో ఉన్న పియానో మనకి కనిపించదు, కానీ ఒక మెట్టు తగిలితే ఝల్లుమని తీగలన్నీ ఒక్కసారి మూలుగుతాయి. బట్టల యంత్రం దొర్లితే అది ఒక బరువు. పియానో దొర్లితే లోపల ఎవరికో దెబ్బ తగిలినట్టుంటుంది. ప్రతి జారుడుకీ ఆ మూలుగు, కింద వీధిలోకి దొర్లిపోతున్నంతసేపూ ఆ గలగల, పెట్టె పట్టుకుని ఈడ్చుకుపోతున్న హార్డీ.

పైన ఇంటి యజమాని ప్రొఫెసర్‌గా బిల్లీ గిల్బర్ట్ వేశాడు. ఆయనకు పియానో అంటే పరమ అసహ్యం, భార్య పుట్టినరోజు కానుకగా తెప్పించిన సంగతి తెలియదు. గొడ్డలి పుచ్చుకుని నరుకుతుంటే పియానో తనంతట తనే అమెరికా జాతీయ గీతం వాయించడం మొదలుపెడుతుంది. ముగ్గురూ ఉన్నవాళ్లు ఉన్నట్టే నిటారుగా నిలబడతారు. పాట ఆగగానే మళ్లీ గొడ్డలి. ఇందులో మాట ఒక్కటీ అక్కర్లేదు, కానీ సౌండ్ లేకపోతే ఆ ఘట్టమే లేదు. మీరు చదివిన "సౌండ్ చంపేసింది" అన్నదానికి నా జవాబు ఈ ఒక్క నిమిషం. దర్శకుడు జేమ్స్ పారట్, మరో గొప్ప కమెడియన్ చార్లీ చేజ్‌కి తమ్ముడు. చిన్న హాస్య చిత్రాలకు ఆస్కార్ ఇవ్వడం మొదలైన మొదటి ఏడాదే దీనికి వచ్చింది. 1997లో అమెరికా జాతీయ చలనచిత్ర రిజిస్ట్రీలో కూడా చేర్చారు.

ఈ సినిమాల్లో వచ్చే ఆ "కుక్కూ" ట్యూన్ మీకు గుర్తుండే ఉంటుంది. స్టూడియో ఆవరణలోనే ఒక రేడియో స్టేషన్ ఉండేది. గంట గంటకీ వేసే గుర్తుగా మార్విన్ హాట్లీ అనే ఆయన కట్టిన ట్యూన్ అది. లారెల్ విని ముచ్చటపడి తెచ్చుకున్నాడు.

డబ్బింగ్ ఇంకా కుదరని ఆ తొలి రెండు మూడేళ్లలో ఒకే సినిమాను స్పానిష్, ఫ్రెంచ్, జర్మన్, ఇటాలియన్‌లలో మళ్లీ మళ్లీ తీసేవాళ్లు. ఈ ఇద్దరికీ ఆ భాషలు రావు. కెమెరా పక్కన బోర్డు మీద పలకవలసిన తీరులో రాసి పెడితే చూసి చదివేవాళ్లు. మన దగ్గర తెలుగు రాని హీరోయిన్లకు ప్రాంప్టింగ్ ఇస్తారే, అదే. దొరికితే ఆ స్పానిష్ కాపీ ఒకటి చూడండి. భాష తెలియని మనిషి కూడా ఏ మాట దగ్గర ఆగాలో తప్పకుండా ఆగుతాడు.

ఆ రోజుల్లో సౌండ్ షార్ట్‌లు చేసిన మిగతా కమెడియన్లలో నాకు డబ్ల్యు.సి. ఫీల్డ్స్ అంటే ప్రాణం. 1932–33లో మాక్ సెనెట్‌కి నాలుగే షార్ట్‌లు చేశాడు. ఆయన గొణుగుడే ఒక వాయిద్యం. 'ది ఫేటల్ గ్లాస్ ఆఫ్ బీర్'లో తలుపు తీసి "మనిషన్నవాడు గానీ పశువు గానీ బయట తిరిగే రాత్రి కాదిది" అంటాడు, అనగానే ఎవరో పక్కనుంచి గుప్పెడు మంచు మొహాన కొడతారు. ప్రతిసారీ అదే మాట, అదే గుప్పెడు. త్రీ స్టూజెస్ అనే ముగ్గురి జట్టు గురించి తక్కువే చెబుతాను. కొలంబియా స్టూడియోకి 1934 నుంచి 1959 దాకా 190 షార్ట్‌లు చేశారు, వాటిలో చెంపదెబ్బకో చప్పుడు, కంట్లో పొడిస్తే తీగ మీటిన టింగ్. ఆ సౌండ్లు తీసేస్తే చూడలేం, నిజంగా కొడుతున్నట్టే ఉంటుంది. పిల్లలకు నచ్చుతాయి. వరసగా రెండు చూశాక నాకు చాలనిపిస్తుంది.

వైటాఫోన్ షార్ట్‌లు మాత్రం వదలొద్దు. వార్నర్ బ్రదర్స్ వాళ్లు 1926 నుంచి స్టేజీ కమెడియన్లను తెచ్చి కెమెరా ముందు నిలబెట్టి తీసినవి. సౌండ్ 16 అంగుళాల డిస్కు మీద, ఒక్కో వైపు ఒక రీలుకి, అంటే దాదాపు 11 నిమిషాలకు సరిపోయేది. సూది గీకుడికి డిస్కు అరిగిపోయేది, అందుకే కొన్నిసార్లు వేశాక పారేసేవాళ్లు. చాలా వాటికి ఫిల్మ్ ఒకచోట, డిస్కు ఇంకోచోట మిగిలాయి. 1991లో మొదలైన వైటాఫోన్ ప్రాజెక్ట్ వాళ్లు పాత సామాన్ల వాళ్ల దగ్గరా, సేకర్తల దగ్గరా డిస్కులు వెతికి జత కలుపుతున్నారు. వీటిలో 'లాంబ్‌చాప్స్' (1929) చూడండి. జార్జ్ బర్న్స్, గ్రేసీ ఆలెన్ భార్యాభర్తలు. ఒక గదిలోకి వచ్చి గ్రేసీ సొరుగులు లాగి ఏదో వెతుకుతుంది. ఏమిటంటే ప్రేక్షకుల కోసం! జార్జ్ చివరికి కెమెరాను చూపించి, అదిగో అక్కడున్నారు అంటాడు. హాలు వినపడని చోట నటులకు ఎలా ఉండేదో ఇంతకన్నా బాగా చెప్పినది నేను చూడలేదు.

ఈ రెండు రీళ్ల సినిమాల కాలం సౌండ్ వల్ల ముగియలేదు, టికెట్టు లెక్కల వల్ల ముగిసింది. మాంద్యం రోజుల్లో జనాన్ని లాగడానికి థియేటర్లు ఒకే టికెట్టుకి రెండు పెద్ద సినిమాలు వేయడం మొదలుపెట్టాయి. న్యూస్ రీలు, కార్టూన్ పోగా ఇరవై నిమిషాల కామెడీకి చోటు మిగల్లేదు. లారెల్–హార్డీల ఆఖరి షార్ట్ 1935లో వచ్చింది. ఆ తర్వాత అన్నీ పెద్ద సినిమాలే, వాటిలో పాటలకీ ప్రేమజంటలకీ చోటివ్వడంతో నా దృష్టిలో బిగువు తగ్గింది.

చూసేటప్పుడు రంగులు పూసిన కాపీలు వద్దు. ఆ మొహాల మీది తెలుపూ నలుపూ చెడిపోతాయి. టీవీ కోసం కత్తిరించినవి, వెనకాల కొత్త సంగీతం అతికించినవి కూడా చాలా తిరుగుతున్నాయి. 'మ్యూజిక్ బాక్స్' 30 నిమిషాల కన్నా బాగా తక్కువ ఉంటే అది తెగిన కాపీ. మొదట 'డర్టీ వర్క్' వేసుకోండి. తర్వాత 'బిజీ బాడీస్' (1933), కలప మిల్లులో జరుగుతుంది. కారు బానెట్ కింద గ్రామఫోన్ ఉంటుంది, లారెల్ దిగి రికార్డు మార్చి వస్తాడు. ఆ తర్వాత 'హాగ్ వైల్డ్' (1930), రేడియో ఏరియల్ కోసం ఇంటి పైకప్పు ఎక్కే కథ.

'మ్యూజిక్ బాక్స్' మాత్రం ఫోన్‌లో చూడొద్దు. ఆదివారం ఇంట్లో నలుగురూ ఉన్నప్పుడు టీవీలో పెట్టండి, పిల్లలుంటే మరీ మంచిది, సౌండ్ కాస్త పెంచండి. పడుతూ లేస్తూ పెట్టెను పైదాకా చేర్చాక పోస్ట్‌మ్యాన్ వచ్చి, ఇంత కష్టం ఎందుకు, బండి పైదాకా రావడానికి అటువైపు రోడ్డుందిగా అంటాడు. ఇద్దరూ ఒకళ్ల మొహం ఒకళ్లు చూసుకుంటారు. తర్వాత వాళ్లేం చేస్తారో నేను చెప్పను. అక్కడ ఫార్వర్డ్ చెయ్యకండి, ఇంట్లోవాళ్ల నవ్వు ఆగేదాకా వాళ్లు ఆగుతారు.